స్టాక్‌టన్‌లో మంచి పుంజు ఉందని చెప్పి బెనీతోని తీసుకెళ్లిన రోజు

కాలిఫోర్నియాలో మా డబ్లిన్ నుంచి స్టాక్‌టన్ వెళ్తే చూడ్డానికి ఏముంటుందని అడుగుతారు. పెద్దగా ఏమీ ఉండదు. అయినా వెళ్లండి. నేను ఎందుకు వెళ్లానో ముందు చెబుతాను. నేను పనిచేసే ఆస్పత్రి వంటగదిలో నా పక్క పొయ్యి బెనీతో అనే అతనిది, ఆ 'తో' పేరులోదే. ఫిలిప్పీన్స్ మనిషి, పుంజుల పిచ్చోడు. కోడి గురించి మాట్లాడినంత ప్రేమగా భార్య గురించి మాట్లాడగా నేను వినలేదు. అతని కూతురు మరీసెల్ అదే ఆస్పత్రిలో నర్సు, ఇరవై మూడేళ్ల పిల్ల. వాళ్ల దేశంలో ఒకే మనిషి ఏళ్ల తరబడి గద్దె దిగకుండా కూర్చున్నాడు. పెద్దవాళ్లు పాడుచేసింది చాలు, ఇక మేం చూసుకుంటామని అక్కడి కాలేజీ పిల్లలు ఓ పార్టీ పెట్టుకున్నారు. దానికి ఇక్కడ శాఖ తెరవడానికి ఈ ఎనభై అయిదు ఏప్రిల్‌లో స్టాక్‌టన్‌లో సభ పెట్టారు. ఆ శాఖ నాయకత్వానికి మరీసెల్ నిలబడింది.

ఆ పార్టీలో ఓ కట్టుబాటు ఉంది. ముప్పై దాటినవాళ్లకు పదవి లేదు, ఓటు లేదు, మైకు లేదు. వంట చేయొచ్చు, గిన్నెలు కడగొచ్చు. కానీ పోటీ చేసే ప్రతి పిల్లా పిల్లాడి వెనక ఓ పెద్దమనిషి నిలబడి, "నేను నీ మాట వింటాను" అని అందరిముందూ చెప్పాలి. పెద్దవాళ్లలో ఒక్కరిని ఒప్పించలేనివాళ్లు దేశాన్ని ఏం ఒప్పిస్తారని వాళ్ల లెక్క. చెప్పేవాళ్లు లేకపోతే పేరు కొట్టేస్తారు.

సభకు రెండు రోజుల ముందు మరీసెల్ వంటగదిలోకి వచ్చింది. మా మాటలన్నీ ఇంగ్లిష్‌లోనే. నా ఇంగ్లిష్ ఎలా ఉంటుందో రాస్తే నవ్వుతారని తెలుగులో రాస్తున్నాను.

"టీటా, నాన్న రానంటున్నాడు." టీటా అంటే వాళ్లలో ఆంటీ.

"ఎందుకట?"

"హాల్ బయట కెమెరా పట్టుకుని మా గవర్నమెంట్ మనిషి ఎవడో ఉంటాడు. ఆ ఫోటోలు మా దేశానికి వెళ్తాయి. అక్కడ బాబాయిది గవర్నమెంట్ స్కూల్లో ఉద్యోగం. మీరు నిలబడతారా?"

"నేనా? ఎనిమిదో క్లాసుతో బడికి నమస్కారం పెట్టినదాన్ని. మీ దేశం మ్యాప్‌లో ఎక్కడుందో చూపించమంటే గోడ చూపిస్తాను."

"వయసుంటే చాలు టీటా, చదువు అడగరు."

నా వయసు గురించి ఇంత మర్యాదగా ఎవరూ మాట్లాడలేదు. సరేనన్నాను. ఆ సాయంత్రమే బెనీతో దగ్గరికెళ్లి, స్టాక్‌టన్‌లో ఒకాయన మంచి జాతి పుంజు అమ్ముతున్నాడట, నాకు తెలియదు, నువ్వొచ్చి చూడు అన్నాను. పుంజు రంగేమిటని అడిగాడు. ఎరుపన్నాను.

శనివారం ఉదయం తొమ్మిదికి మా పాత స్టేషన్ వ్యాగన్ కారులో బయల్దేరాం. దారి సులువే. 580 హైవే మీద తూర్పుకి వెళ్లి, ట్రేసీ పక్కనుంచి 205 మీదుగా 5 ఎక్కి ఉత్తరానికి తిరిగితే గంటలో స్టాక్‌టన్. అయిదు డాలర్ల పెట్రోల్‌తో వెళ్లి రావొచ్చు. మధ్యలో ఆల్టమాంట్ కొండల మీద గాలిమరలు కొత్తగా పాతారు. అక్కడ గాలి కారుని పక్క లేన్‌లోకి నెడుతుంది, రెండు చేతులతో స్టీరింగ్ పట్టుకోవాలి. నేను ఒక చేత్తో పట్టుకుని రెండో చేతిని కబుర్లకు వాడాను. బెనీతో దారంతా దేవుణ్ణి తలచుకున్నాడు.

హాల్ ముందు ఆపగానే అతనికి పార్టీ బ్యానర్ కనబడింది. రోడ్డుకి అవతల కెమెరా మనిషి కూడా కనబడ్డాడు. బెనీతో తన టోపీ కళ్లమీదికి లాక్కున్నాడు.

"పుంజేది రత్నం?"

"లేదు. నీ కూతురుంది."

"నాతో ఆడుకుంటున్నావా? నా తమ్ముడికి ముగ్గురు పిల్లలు."

"తెలుసు. అందుకే తాళాలు నీకే ఇస్తున్నాను. వెళ్లిపోవాలనిపిస్తే వెళ్లిపో, నేను బస్సులో వస్తాను. దాని వెనక నిలబడటానికి నేనున్నానులే."

"నువ్వా?"

"నేనే. చీర కూడా కొత్తది కట్టుకున్నాను."

లోపల బల్లలన్నీ కలిపి అరిటాకులు పరిచారు. అన్నం, వెనిగర్‌లో ఉడికిన కోడి, చింతపండు వేసిన రొయ్యల పులుసు. చెంచాల్లేవు, అందరూ నిలబడి చేతులతో తినడమే. ఈ దేశంలో పదిమందిలో వేళ్లు నాకింది నేను ఆ రోజే. తిన్నాక పోటీదారులను పిలిచారు. మరీసెల్ ఎర్రచొక్కాలో ముందుకొచ్చింది. ఆమె పెద్దమనిషి ఎవరని అడిగారు. నేను చేయి తుడుచుకుని వెనక నిలబడ్డాను. ఆ నాలుగు ముక్కలు చెప్పడానికి నోరు తెరిచాను.

తలుపు చప్పుడైంది. బెనీతో. టోపీ నెత్తిమీద లేదు, చేతిలో ఉంది. అంటే ఆ కెమెరా ముందునుంచి అలాగే నడిచొచ్చాడన్నమాట.

"పక్కకు జరుగు రత్నం," అన్నాడు. "నా పిల్లకు నేనుండగా నువ్వేంటి?"

జరిగాను. నా జన్మలో ఎవరైనా జరగమంటే ఇంత సంతోషంగా జరగలేదు.

అతను కూతురి భుజం మీద చేయివేసి, "నేను నీ మాట వింటాను," అన్నాడు. వెనకవాళ్లకు వినబడలేదేమోనని మళ్లీ చెప్పాడు. మరీసెల్ ఆ చేయి తీసుకుని నుదుటికి ఆనించుకుంది, వాళ్లలో పెద్దల దీవెన అలాగే తీసుకుంటారు. తర్వాత మైకు దగ్గరికెళ్లి మాట్లాడింది. వాళ్ల భాష నాకు ఒక్క ముక్క రాదు. పక్కవాళ్లు చప్పట్లు కొట్టేలోపే నేను కొట్టేశాను. మరీసెల్ గెలిచింది.

సాయంత్రం వెనక్కి బయల్దేరాం. కొండ ఎక్కాక బెనీతో అడిగాడు, "పుంజు ఎరుపని నిజమే చెప్పావు. ధర ఎంతట?"

"నీ ఫోటో."

"చవకే," అన్నాడు. తర్వాత, "రాత్రికి తమ్ముడికి ఫోన్ చేయాలి," అన్నాడు.

తమ్ముడి సంగతి ఏమవుతుందో ఇంకా తెలియదు. రోజూ పొయ్యి దగ్గర అడుగుతున్నాను, రోజూ ఇంకా ఏమీ కాలేదంటున్నాడు. కానీ ఆ హాల్లో ఆ పిల్ల నిలబడిన తీరు తలచుకుంటే, కన్నదాన్ని కాకపోయినా నాకు గర్వంగా ఉంటుంది. నా ఊరు కాదు, నా భాష కాదు, నాకు ఓటు అసలే లేదు. అయినా ఆ రోజు వాళ్ల గిన్నెలన్నీ నేనే కడిగాను, అదీ గొప్పగా చెప్పుకుంటున్నాను. వెళ్లేవాళ్లకు ఒక్క సలహా: మొండికేసిన పెద్దమనిషిని తీసుకెళ్తే కారు తాళాలు ఆయన చేతికే ఇవ్వండి. వచ్చేటప్పుడు ఆ గాలిలో డ్రైవింగ్ ఆయనే చేస్తాడు.