మాస్టారి జపాన్ కారు, మా ఇంటి గులాబీలు

పెళ్ళయిన నాలుగో నెలలోనే మా సంసారం రెండు ముక్కలు కాబోయింది. అత్తాకోడళ్ళ గొడవ కాదు. నాకు వేరే వ్యవహారమూ లేదు. అంత ధైర్యం నాకు లేదని మా ఆవిడే నలుగురిలో చెబుతుంది. కారణం రెండు ఇసుక బస్తాలు. ఆ రెంటినీ నా చేతులతో నేనే పారబోశాను. పారబోసి, ఈల వేసుకుంటూ చేతులు కడుక్కున్నాను కూడా. చదివేవాళ్ళకి ఒక్క మనవి. నన్ను చూసి ఎంతయినా నవ్వుకోండి, మా ఆవిడ పద్మ మీద మాత్రం జాలి పడకండి. ఆవిడకి నచ్చదు.

అప్పట్లో నేను అరకులో పశువుల ఆస్పత్రిలో అసిస్టెంటుని. పగలంతా ఆవులకీ మేకలకీ సూదులు వెయ్యడం, ఇంటికొచ్చాక ఫోన్లో పాత జపాన్ కార్ల గురించి చదవడం నా దినచర్య. ఇంజను ముందుండి, వెనక చక్రాలు తోసే కార్లంటే నాకు పిచ్చి. “ముందు చక్రాలు దారి చూసుకుంటాయి, వెనక చక్రాలు పని చూసుకుంటాయి. అదీ కారంటే!” అని నేను చెప్పని మనిషి ఆ వీధిలో లేడు. సూది వేయించుకునే ఎడ్లకి కూడా చెప్పాను.

మా వీధి చివర రిటైరైన హెడ్మాస్టరు గారి దగ్గర సరిగ్గా అలాంటి కారే ఉండేది. పొడుగాటి ముక్కు, పలకలాంటి డిక్కీ, వెన్న రంగు. ఆయన బావమరిది ఎప్పుడో గల్ఫ్ నుంచి ఓడలో తెప్పించుకున్నదట. కంపెనీ పేరు చెప్పను, ఎందుకంటే ఈ కథలో కంపెనీ తప్పు ఆవగింజంత కూడా లేదు. మాస్టారు విశాఖలో కూతురి దగ్గరికి వెళ్ళిపోతూ బండి అమ్ముతానన్నారు. నేను ఆ సాయంత్రమే వెళ్ళి వాలిపోయాను.

“బాబూ, ఇది వెనక చక్రాల బండి. ఒక సంగతి చెప్పాలి...” అన్నారు మాస్టారు.

“తెలుసు మాస్టారూ.”

“వానాకాలం ఘాటు రోడ్డు ఎక్కేటప్పుడు...”

“తెలుసండీ. వీటి గురించి నేను రెండేళ్ళుగా చదువుతున్నాను.”

“అది కాదయ్యా, డిక్కీలో...”

“అన్నీ నేను చూసుకుంటాను మాస్టారూ!”

ఆయన జీవితమంతా పిల్లలకి పాఠాలు చెప్పిన మనిషి. వినని పిల్లాడిని ఇట్టే పోల్చుకోగలరు. తాళాలు నా చేతిలో పెట్టి, “సరే, అనుభవం మీద నేర్చుకుందువుగాని” అన్నారు. నేను దాన్ని ఆశీర్వచనం అనుకుని కాళ్ళకి దండం పెట్టాను.

ఇంటికొచ్చి డిక్కీ తెరిస్తే లోపల ఎరువుల సంచుల్లో మూతి కట్టిన రెండు ఇసుక బస్తాలు కనిపించాయి. పాపం, ఇల్లు కట్టినప్పుడు మిగిలిన ఇసుక దించుకోవడం మరిచిపోయి ఉంటారనుకున్నాను. పద్మ వాకిట్లో గులాబీలు వెయ్యాలని అప్పటికే మట్టి తవ్వి పెట్టుకుంది. రెండు బస్తాలూ అందులో కుమ్మరించాను.

“ఏటండీ, అదెందుకుందో ఆయన్ని ఓ మాట అడగలేకపోయారా?” అంది పద్మ.

“ఇసుకని అడిగేదేముంది?” అన్నాను. తర్వాత డిక్కీని షాంపూతో కడిగి, సీట్లకి తెల్లటి కొత్త కవర్లు తొడిగాను.

సరిగ్గా అప్పుడే పద్మకి నర్సు ఉద్యోగం వచ్చింది. ఏ ఊరో తేలడానికి పాడేరులో కౌన్సెలింగు. ఖాళీల జాబితాలో అరకు ఒక్కటే ఉంది. మిగతావన్నీ చింతపల్లి దాటి, అక్కడి నుంచి ఇంకా లోపలికి పోవాల్సిన ఊళ్ళు. పద్మ నంబరు పద్నాలుగు. ముందున్నవాళ్ళెవరికీ అరకు అక్కర్లేదట, వెనకవాళ్ళకే కావాలట. నంబరు పిలిచినప్పుడు మనిషి ఎదురుగా ఉండాలి. మూడుసార్లు పిలుస్తారు, పలక్కపోతే తర్వాతి నంబరుని పిలుస్తారు, ఆ మనిషికి చివర్లో మిగిలిందే గతి. రెండేళ్ళ దాకా బదిలీ మాట ఎత్తకూడదు. అంటే నేను అరకులో ఎడ్లతో, ఆవిడ ఎక్కడో కొండల వెనక.

“ఆరింటి జీపులో పోదామండీ. ఆలీసం అయితే కొంప మునిగిపోతాది” అంది పద్మ ముందురోజే.

“ఇంట్లో జపాన్ కారు పెట్టుకుని జీపు వెనక వేలాడతావా? గంటన్నరలో నిన్ను ఆఫీసు మెట్ల ముందు దింపుతాను.”

ఆవిడ నా మాట నమ్మింది. పెళ్ళయి నాలుగు నెలలే కదా!

పొద్దున్నే బయల్దేరాల్సినవాళ్ళం, నేను బండి తుడిచి తుడిచి ఎనిమిది చేశాను. సన్నగా వాన మొదలైంది. ఆ రోజు పాడేరు సంత. హుకుంపేట చేరకముందే ఒక మలుపు దగ్గర ముగ్గురు అవ్వలు పసుపు బస్తాలతో, ఒక కోడితో నిలబడి చెయ్యెత్తారు. సంత రోజున మా కొండల్లో ఏ బండీ ఖాళీ సీటుతో పోదు. జాగా ఉండి కూడా ఎక్కించుకోకపోవడం ఇంటికొచ్చిన మనిషికి మంచినీళ్ళివ్వకపోవడంతో సమానం. నేనూ అలవాటుగా బండి ఆపాను, అంతలో అద్దంలో తెల్ల కవర్లు కనబడ్డాయి.

పొడుగాటి అవ్వ ఒకావిడ తలుపు మీద చెయ్యి వేసింది. “బావూ, సంతకి...”

“సీట్లు తడిసిపోతాయి అవ్వా. వెనక జీపు వస్తోందిలే.”

“ఎనక సీటంతా ఖాళీయే కదండీ” అని గొణిగింది పద్మ.

“పసుపు మరక పోదు” అని గేరు మార్చాను. అద్దంలో ఆ అవ్వ చెయ్యి ఇంకా గాల్లోనే ఉంది. చూడనట్టు ముందుకి పోయాను.

మరో నాలుగు మలుపులు దాటాక రోడ్డు వెడల్పు చెయ్యడానికి తారు తవ్వేసిన చోటు వచ్చింది. నిట్టనిలువు ఎక్కుడు, తడిసిన ఎర్రమట్టి. ఎడమ పక్క లోయ, గట్టు లేదు. “ఇప్పుడు చూడు, వెనక చక్రాల సత్తా!” అన్నాను.

సగం ఎక్కాక బండి ఆగింది. ఇంజను అరుస్తోంది, వెనక చక్రాలు గిర్రున తిరుగుతున్నాయి, బండి మాత్రం కదలదు. ఇంకా గట్టిగా తొక్కాను. అప్పుడు కదిలింది, ముందుకి కాదు. డిక్కీ మెల్లగా ఎడమకి, లోయ వైపు జారింది.

“ఆపండి!” అని అరిచింది పద్మ. నేను బ్రేకు మీద నిలబడ్డంత పని చేశాను. అయినా జానెడు వెనక్కి జారాకే ఆగింది. పద్మ చీర కుచ్చిళ్ళు ఎత్తుకుని దిగి, రెండు రాళ్ళు తెచ్చి చక్రాల కింద పెట్టింది. నేను మాత్రం బ్రేకు మీంచి కాలు తియ్యలేదు.

“టైమెంతయింది?” అన్నాను.

“తొమ్మిది దాటీసింది.”

కొమ్మలు విరిచి చక్రాల కింద వేశాం. పిప్పి అయిపోయాయి. గులకరాళ్ళు వేశాం. అవి తుపాకీ గుండ్లలా వెనక్కి ఎగిరాయి. పద్మ కాసేపు నా వైపు, కాసేపు సీట్ల వైపు చూసింది.

“ఆ కవర్లు తియ్యండి.”

“కొత్తవి పద్మా...”

“తీత్తారా, నన్ను తియ్యమంటారా?”

తీశాను. చక్రాల కింద పరిచాను. తొక్కగానే ఒకటి గాల్లోకి లేచి, తెల్లగా తేలుతూ లోయలోకి పోయింది. రెండోది మట్టిలో కలిసింది. బండి అక్కడే ఉంది. పద్మ నవ్వలేదు. ఫైలుని ప్లాస్టిక్ కవర్లో చుట్టి గుండెకి అదుముకుని, వానలో రోడ్డు కిందికే చూస్తూ నిలబడింది. ఆ నిలబడ్డం చూస్తే నాకు భయం వేసింది. తిట్టినా బాగుండేది.

పదవుతుండగా ఆవిడ ఫోను మోగింది. పాడేరులో ఉన్న స్నేహితురాలు. “పద్మా, ఎక్కడే? కుర్చీలేసేసారు. ఇంకో పది నిమిషాల్లో మొదలెట్టేత్తారు!”

అప్పుడొచ్చింది జీపు. లోపల, పైన, వెనక జనం. డ్రైవరు సింహాద్రి దిగి బండి చుట్టూ ఒకసారి తిరిగాడు.

“ఇది పంతులుగారి కారు కదేటి?”

“అవును. నేను కొన్నాను.”

డిక్కీ మీద అరచెయ్యి పెట్టి నొక్కాడు. వెనక భాగం ఉయ్యాలలా ఊగింది. “తియ్యండి బావూ, సూద్దాం.”

తీశాను. లోపల తళతళ మెరిసిపోతోంది. షాంపూ వాసన కూడా ఇంకా పోలేదు.

“ఇసక బస్తాలేయీ?” అన్నాడు.

నేను వాన చినుకులు లెక్కపెట్టుకున్నాను.

“పంతులుగారు వానాకాలం రెండు బస్తాలు నేకండా గుమ్మం దిగీవోరు కాదు. ముందంతా ఇంజను బరువే. ఎనక ఏటీ నేకపోతే సక్రం నేలనెలా పట్టుకుంటాది? ఖాళీగా వొత్తే మా జీపులోనే రాళ్ళేసుకుంటాం. ఏటి సేసినారు వాటిని?”

పద్మ మెల్లగా నా వైపు తిరిగింది.

“గులాబీ మొక్కలకి పోశాను” అన్నాను.

జీపు పైనుంచి ఎవరో “ఓలమ్మో, గులాబీలకే!” అన్నారు. ఇక ఆ నవ్వులకి జీపు ఊగింది. జీపుకి వెనక బరువుంది కాబట్టి జారలేదు.

పద్మ నవ్వుల్ని పట్టించుకోలేదు. “అన్నా, నాకొక్క సోటుంటాదా? ఇప్పుడే పాడేరులో నా నంబరు పిలిసేత్తారు. అందకపోతే ఉద్యోగం ఎక్కడో పారేత్తారు.”

“ఏడుందమ్మా, కాలెట్టడానికే నేదు” అన్నాడు సింహాద్రి.

“ఏటయినాదే గుంటా?” అని పద్మని అడుగుతూ జీపు లోపల్నుంచి గొంతు. తొంగి చూశాను. ఆ పొడుగాటి అవ్వే! చంకలో కోడి కూడా అదే. పద్మ రెండు ముక్కల్లో చెప్పింది. అవ్వ పక్కనున్న ఇద్దరితో వాళ్ళ భాషలో ఏదో అంది. ముగ్గురూ బస్తాలతో సహా బురదలోకి దిగిపోయారు.

“నువ్వు బేగి ఎక్కీ. మేం ఈ బావు బండిలో వొత్తాం” అంది. తర్వాత నా వైపు తిరిగి, “సీట్లు తడిసిపోతాయేమో, ఏటనుకోకు బావూ” అంది.

ఆ మాటకి నేను భూమిలోకి కుంగిపోయాను. పనికొచ్చే బరువేదైనా ఉంటే అప్పుడది నా సిగ్గే. జీపు కదిలింది. పద్మ నా వైపు తిరిగి చూడలేదు. నాకు నిజంగా ఏడుపొచ్చింది, ఆ మాట దాచను.

సింహాద్రి వెళుతూ చెప్పినట్టే చేశాను. పసుపు బస్తాలు డిక్కీలో, ముగ్గురు అవ్వలు వెనక సీట్లో. తొక్కి చంపకుండా మెల్లగా క్లచ్చి వదిలాను. చక్రం ఒకసారి జారింది, లోయ వైపు చూడకుండా చేతులు బిగించాను, రెండోసారి నేలని పట్టుకుంది. బండి కిక్కురుమనకుండా ఎక్కేసింది. ఇన్నాళ్ళు నేను చదివిందంతా ముగ్గురు అవ్వలు కూర్చుని చూపించారు.

దారిలో పొడుగాటి అవ్వ అడిగింది. “గుంటకి ఆ ఉద్యోగం పోతే ఏటి సేత్తావు బావూ?”

“ముందు మిమ్మల్ని సంత దగ్గర దింపుతాను” అన్నాను.

“సంత యాడికీ పోదు. ముందు గుంట కాడికి పోనీ.”

ఆఫీసు ముందు ఆగేసరికి పదకొండు దాటింది. పద్మ మెట్ల మీద కూర్చుని ఉంది. మొహంలో ఏమీ లేదు. నేను చెప్పులు బురదలో వదిలేసి పరిగెత్తాను.

“ఏమైంది?”

“మూడుసార్లు పిలిచారండీ.”

మెట్టు మీద కూలబడ్డాను. “తప్పంతా నాదే పద్మా. నేనే వస్తాను, ఏ ఊరైతే ఆ ఊరు. ఉద్యోగం మానేసి వచ్చేస్తాను. అక్కడ మాత్రం ఎడ్లుండవా!”

“అయితే ఈ ముగ్గురి ముందూ ఒట్టెయ్యండి.”

అవ్వలు చుట్టూ చేరారు. కోడి కూడా నన్నే చూస్తోంది. ఏమని ఒట్టెయ్యాలో పద్మ చెప్పింది, నేను తిరిగి అప్పజెప్పాను. ఒక్క మాట తప్పితే మళ్ళీ మొదటి నుంచి చెప్పించింది. అంతా అయ్యాక ఫైల్లోంచి కాగితం తీసి నా ఒళ్ళో పడేసింది. దాని మీద అరకు అని ఉంది.

“మూడోసారి పిలిసినప్పుడు నేనీ మెట్ల మీదున్నాను. ఇక్కణ్ణించే ఉన్నానండీ అని అరిచాను. లోపల ఆఫీసరు చేతిలో టీ ఒలికిపోయింది” అంది. అప్పుడు నవ్వింది. ఆ నవ్వుకి పాడేరు సంత మొత్తం కొనిచ్చినా తక్కువే అనిపించింది.

మర్నాడు గునపం పట్టుకుని ఇసుక తవ్వబోతే పద్మ అడ్డం నిలబడింది. మొక్కలు వేళ్ళు పట్టేశాయట, ముట్టుకోకూడదట. “బరువు కావాలంటే సంత రోజు అవ్వల్ని ఎక్కించుకోండి” అంది. అప్పట్నుంచీ అదే జరుగుతోంది, మా వీధి అవ్వలైతే మా వాకిట్లోనే ఎక్కేస్తారు. తెల్ల కవర్లు మళ్ళీ కొనలేదు. సీట్లకి పసుపు రంగు దానంతటదే వచ్చింది.

కాబట్టి, ముగ్గురు అవ్వలు, ఒక కోడి సాక్షిగా నేను వేసిన ఒట్టు మీ ముందూ వేస్తున్నాను. ప్రాణం ఉన్నంతవరకు సంత రోజున ఖాళీ సీటుతో ఘాటెక్కను. ఏ డిక్కీలో ఏమున్నా, ఎందుకుందో కనుక్కోకుండా పారెయ్యను. ఎవరైనా ‘ఒక సంగతి చెప్పాలి’ అంటే ‘తెలుసు’ అనను.

ఇక్కడిదాకా రాశానో లేదో, వాకిట్లోంచి పద్మ కేకేసింది. “ఏవండీ, ఒక సంగతి సెప్పాలి!”

‘తెలుసు’ అన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది. దాన్ని మింగేసి, పెన్ను కింద పెట్టి, “చెప్పు” అన్నాను.

“అవ్వలు కార్లో కూకుని అరగంటయింది. బేగి రండి!”