గుడ్లగూబ తొర్రకు కాపలా

అడవి గేటు దగ్గర కాపలా ఉండే ఆయన్ని అందరూ అనుమానాల బావ అనేవారు. ఆ పేరు పెట్టింది బావమరిది. అసలు పేరు జీతాల కాగితం మీద తప్ప ఎక్కడా మిగల్లేదు. పాలవాడి క్యాన్‌లోకి తొంగి చూడందే గిన్నె చాపేవాడు కాదు. చుట్టం వచ్చి నవ్వితే ఎందుకు నవ్వాడా అని నిద్ర మానుకునేవాడు. అంతకు ముందు చాలా ఏళ్లు బట్టల కొట్టు గుమ్మంలో నిలబడి, వచ్చేపోయే వాళ్ల సంచులు తడిమే ఉద్యోగం చేశాడు. ఆ పని మానేసినా చేతి దురద మాత్రం మానలేదు.

ఆ అడవికి రెండు రకాల మనుషులు వచ్చేవారు. ఆకురంగు బట్టలేసుకుని, నోటికి తాళం పెట్టుకుని తెల్లారుతూనే దిగే ఫొటోల వాళ్లు ఒక రకం. వ్యాన్లు, లైట్లు, జుట్టు విరబోసుకున్న అమ్మాయిలతో హడావిడిగా దిగే దయ్యాల సినిమా వాళ్లు ఇంకో రకం. ఒకే మోడు చెట్టు వాళ్ల ఫొటోలో స్వర్గంలా, వీళ్ల సినిమాలో శ్మశానంలా కనబడేది. ఒకే చెట్టును ఇన్ని రకాలుగా చూపించే వాళ్లను ఎలా నమ్మాలని ఆయన బాధ. అందుకే ఇద్దర్నీ నమ్మేవాడు కాదు.

బావమరిది ఆ సినిమా వాళ్ల దగ్గరే పొగ మిషన్ నడిపేవాడు. అక్కాబావల ఇంటి వెనక గదిలో ఉంటూ, దొరికిన రోజు పని, దొరకని రోజు నిద్ర. నిప్పు లేనిదే పొగ రాదని లోకమంతా అంటుంటే, నిప్పు లేని పొగతోనే బతుకుతున్నాడు వీడు అని ఆయన భార్యతో అనేవాడు. తమ్ముణ్ణి అన్నప్పుడల్లా ఆవిడ గరిటె కాస్త గట్టిగా మోగేది.

ఆ ఏడు వాగు మలుపులో, సగం విరిగిన చెట్టు తొర్రలో గుడ్లగూబ మూడు పిల్లల్ని చేసింది. చాలా కాలంగా ఆ అడవిలో గుడ్లగూబ పిల్లల్ని చూసినవాళ్లు లేరు. ఈ పిల్లల బాధ్యత నీదేనని ఫారెస్టు ఆఫీసరు ఆయనకు అప్పగించాడు. అప్పగించకపోయినా ఆయన వదిలేవాడు కాదు. మొదటి రోజే అవి ముక్కులు టకటకలాడించి ఆయన్ని ఎగాదిగా చూశాయి. లోకంలో ఎవర్నీ నమ్మని ఆ మొహాలు చూడగానే ఆయనకు ప్రాణం లేచొచ్చింది. తన పోలికే అనుకున్నాడు. పిల్లలు లేని మనిషికి అది చిన్న మాట కాదు.

ఫొటోలు తీసే రిటైర్డ్ టీచరమ్మ ఒకావిడ ఉండేది. దూరంగా వాగు అవతలి గట్టు నుంచి, గుడ్డ పరదా వెనక కూర్చుని తీసేది. వెళ్లిన దారిన మళ్లీ వెళ్లేది కాదు, పుల్ల విరిచేది కాదు. తొర్ర దగ్గరికి మాత్రం పోవద్దు నాయనా అని ఆయనకూ చెప్పింది. మంచి ఫొటో తనొక్కదానికే దక్కాలని కాబోలు అనుకున్నాడాయన. పొద్దునా సాయంత్రం వెళ్లి పిల్లల్ని లెక్క చూసుకునేవాడు. తొర్రకు అడ్డంగా ఉన్న ముళ్లకొమ్మల్ని నరికి, బాట మీద నుంచే లోపల కనబడేలా చేసుకున్నాడు.

ఇంతలో బావమరిది ఒక కబురు తెచ్చాడు. సినిమాలో చచ్చి దయ్యమైన అమ్మాయి భుజం మీద గుడ్లగూబ పిల్ల వాలాలని డైరెక్టరు పట్టుబట్టాడట. వాడు నవ్వుతూనే చెప్పాడు. ఈయన నవ్వలేదు. ఆ వారంలోనే తొర్రలోంచి ఒక పిల్ల మాయమైంది.

ఆయన తిన్నగా వెనక గదికి వెళ్లి బావమరిది సంచి బోర్లించాడు. బనియన్లు, దువ్వెన, పొగ మిషన్‌లో పోసే నూనె డబ్బా. అంతే.

"అడవిలో పిల్ల పోతే నా సంచి వెతుకుతావేంటి బావా?"

"గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకుంటున్నావే."

"భుజాలు కాదు, కడుపు తడుముకుంటున్నా. నాకున్నది ఈ ఒక్క పనే."

ఆయన వినలేదు. ఆఫీసరుకు చెప్పేశాడు. సోదా చేస్తే సినిమా వాళ్ల పెట్టెలో దొరికింది దూది కుక్కిన బొమ్మ గుడ్లగూబ. ఆయన దాని కుట్లు కూడా లాగి చూశాడు. అయినా షూటింగు ఆగిపోయింది. గొడవ మనిషి మాకొద్దని కుర్రాణ్ణి పనిలోంచి తీసేసి, సినిమా వాళ్లు వేరే అడవికి వెళ్లిపోయారు. బావమరిది బట్టలు సర్దుకుని మార్కెట్ వెనకాల స్నేహితుడి గదికి మారాడు. భార్య ఆయనతో మాట్లాడటం మానేసి, చెప్పాల్సింది కంచం మోతతో, తలుపు మోతతో చెప్పసాగింది.

తర్వాత రెండో పిల్లా పోయింది.

అనుమానం పెనుభూతం అని ఊరికే అనలేదు. కక్ష కొద్దీ బావమరిదే దొంగచాటుగా వస్తున్నాడని ఆయన తేల్చేసుకున్నాడు. ఎదురుగా ఏది కదిలినా తనంతట తాను ఫొటో తీసే కెమెరా టీచరమ్మ దగ్గర ఉంటే, అడిగి తెచ్చి తొర్ర ఎదురుగా చెట్టుకు కట్టాడు. కొన్నాళ్లాగి విప్పుకొచ్చి, ఆవిడ ఇంట్లో కంప్యూటర్ ముందు కూర్చున్నాడు. బావమరిది మొహం కనబడితే ఏమనాలో దారిలోనే అనుకుని వచ్చాడు.

మొదటి ఫొటోలో ఆయనే ఉన్నాడు. తర్వాత దానిలోనూ ఆయనే. టోపీ, కర్ర, మెడ చాచి తొర్రలోకి చూపు. పొద్దున ఆయన, సాయంత్రం ఆయన. తర్వాతి ఫొటోలో చీకటి పడుతుండగా అడవిపిల్లి. ముక్కు నేలకు ఆనించి, ఆయన నడిచిన బాట మీదే వస్తోంది. ఆయన రోజూ నిలబడే చోటే ఆగి, ఆయన నరికి తెరిచిన సందులోంచి తల ఎత్తి పైకి చూస్తోంది.

"మనిషి రోజూ నడిస్తే బాట పడుతుంది నాయనా. ఆ బాట పట్టుకుని పిల్లి వస్తుంది. పోవద్దన్నది అందుకే," అంది టీచరమ్మ.

ఆయన ముందు కెమెరాను అనుమానించాడు. తర్వాత టీచరమ్మను. ఫొటోలు మళ్లీ మొదటి నుంచి పెట్టించాడు. ఎన్నిసార్లు తిప్పినా ఆయన, వెనకాలే పిల్లి. కంచే చేను మేసిందని తనలో తనే అనుకున్నాడు. చివరి ఫొటోలో మాత్రం తల్లి గుడ్లగూబ మూడో పిల్లను రెక్క కింద పెట్టుకుని ఉంది. దాన్ని చూసి ఆయన సిగ్గు లేకుండా ఏడ్చాడు.

అక్కడి నుంచి మార్కెట్ వెనక గదికి వెళ్లాడు. బావమరిది తలుపు తీసి, ముందు ఆయన చేతుల వైపు చూశాడు, మళ్లీ ఏ సంచి బోర్లిస్తాడో అని.

"పిల్లల్ని పోగొట్టింది నేనే. నువ్వు కాదు," అన్నాడాయన గడపవతల నిలబడి. ఫొటోల సంగతంతా చెప్పాడు.

బావమరిది తలుపు రెక్క పట్టుకునే అడిగాడు.

"మూడోది ఉందా?"

"ఫొటోలో ఉంది. ఇప్పుడు ఉందో లేదో తెలీదు. చూడ్డానికి వెళ్లకూడదు."

"నువ్వు వెళ్లకుండా ఉండగలవా?"

"నమ్మకం లేదురా. నా మీద నాకే లేదు."

కుర్రాడు తలుపు వెయ్యలేదు. లోపలికి రమ్మనీ అనలేదు. గోడకు ఆనుకుని, తల దించుకుని అడిగాడు.

"సరే బావా. మరి నా పని?"

సినిమా వాళ్లు ఏ అడవికి వెళ్లారో కూడా ఆయనకు తెలియదు.