సన్యాసిరావు గారి ఆపిల్ కంబళి

మొన్న ఆదివారం మధ్యాహ్నం కద్మాలోని మా ఇంట్లో ముందు దాల్చినచెక్క వాసన లేచింది. కాసేపటికి వెన్న వాసన దానికి తోడైంది. ఆ తర్వాత చక్కెర మాడబోయే ముందు వచ్చే తీపిచేదు వాసన వంటింటి గుమ్మం దాటింది. హాల్లో హోంవర్కు చేసుకుంటున్న మా అమ్మాయి తల ఎత్తకుండానే "మమ్మా, కుఛ్ జల్ రహా హై" అని కేకేసింది. నేను తెలుగులో మాట్లాడతాను, అది హిందీలో జవాబిస్తుంది. హిందీ మాట్లాడే మా ఊళ్ళో చాలా తెలుగిళ్ళలో ఇదే వరస. "ఏమీ మాడట్లేదే, ఆపిల్ కంబళి అవుతోంది" అన్నాను. అది పెన్సిల్ పారేసి, "కంబల్? ఓవెన్ మే?" అంటూ నిజంగానే కంగారుగా పరుగెత్తుకొచ్చింది. ఆ వంటకాన్ని లోకమంతా క్రంబుల్ అంటుంది. దాన్ని కంబళి చేసినవారు సన్యాసిరావు గారు. నాకు పని నేర్పిందీ ఆయనే.

డిప్లొమా చేతికి రాగానే మా ఊరి పక్కన గమ్హరియాలో ఒక చిన్న కార్ఖానాలో చేరాను. బండ్లలో వాడే ఇనుప పిన్నుల్ని కొలిమిలో కాల్చి, నూనెలో ముంచి, గట్టిపరచడం అక్కడి పని. అవి సరిగ్గా గట్టిపడ్డాయో లేదో చూసే విభాగానికి పెద్ద సన్యాసిరావు గారు. శ్రీకాకుళం వైపు నుంచి వాళ్ళ నాన్న కాలంలోనే మా ఊరికి వచ్చి గోల్‌మురిలో స్థిరపడ్డ కుటుంబం. బక్కపలచని మనిషి, తెల్ల మీసం, చొక్కా జేబులో రెండు నల్ల స్కెచ్‌పెన్నులు. బాగోలేని సరుకు కనబడితే ఎర్ర అట్టముక్క మీద కారణం రాసి దారంతో కట్టేవారు. నేను చేరిన మొదటి రోజున ఒక బుట్టకు ఉత్త అట్టముక్క కట్టి వదిలేస్తే వెనక్కి పిలిచారు.

"కారణం రాయకుండా కడితే అది తిట్టమ్మా గౌరీ. కారణం రాయి. అప్పుడు అవతలోడు బాగుసేసుకుంటాడు."

ఇంత మంచి మాట చెప్పిన మనిషి ఒకనాడు ఆ అట్టముక్కల్ని ఇంటికి పట్టుకెళ్ళారు. ఒక గురువారం భోజనానికి కూర్చుని పప్పుచారు నోట్లో పెట్టుకుని, ఏమీ అనకుండా లేచి, గిన్నె చెవికి ఎర్ర ముక్క కట్టారట. 'కారణం: ఉప్పు హద్దు మీరినది.' ఆయన భార్య రమణమ్మ గారు దాన్ని విప్పి, చదివి, ఆయన చొక్కా బొత్తానికే కట్టేసి, వంటింట్లోంచి బయటికొచ్చి కూర్చున్నారట. ఆ సంగతి మర్నాడు ఆయనే నాకు చెప్పారు, కొంచెం గర్వంగా, ఎక్కువ దిగులుగా.

"స్ట్రైకు సేసింది మీ పిన్ని. ముప్పై ఏళ్ళనుంచీ ఒండతన్నాను, ఇక నువ్వొండుకో అన్నాది. ఒండడం ఏటి పెద్ద పని, పద్ధతి పెకారం సేత్తే అదే వత్తాది అన్నాను. అక్కడే దెబ్బ తిన్నాను."

రమణమ్మ గారు పందెం వేశారు. ఎప్పుడో ఒక పెద్ద కంపెనీ గెస్ట్‌హౌస్‌లో ఆయనకు విందు చేశారు. చివర్లో వడ్డించిన వేడి వేడి ఆపిల్ వంటకాన్ని ఆయన ఆనాటినుంచీ, ఈవిడ ఏం వండి పెట్టినా, దానితో పోల్చి మెచ్చుకుంటూ వస్తున్నారు. "అదే ఒండు. నాను తిని బాగుందంటే మల్లీ పొయ్యికాడికి ఎల్తాను" అందావిడ. వండినవాడే తన వంటను పాస్ చేసుకోవడం పద్ధతి కాదు గనక, ఆవిడకు పెట్టేముందు రుచి చూసే ఇనస్పెక్టరుగా ఆదివారాలు నేను వాళ్ళింటికి రావాలని సార్ ఉత్తర్వు.

మొదటి ఆదివారం సగం పేరు దగ్గరే గడిచిపోయింది. "ఏపిల్ కంబల్. పైన కంబలి కప్పినట్టు ఉంటాది, అందుకే ఆ పేరు" అని ఆయన ఢంకా బజాయించి చెప్పారు. ఫోన్లో వెతికితే ఆపిల్ బొమ్మలు అచ్చేసిన దుప్పట్లు వచ్చాయి, ఒకటి కొంటే ఇంకొకటి ఉచితం. చివరికి రుచి వర్ణించమన్నాను. పైన పొడిపొడిగా ఇసకలాగ, కింద జామ్ కంటే గట్టిగా, హల్వా కంటే మెత్తగా అన్నారు. అలా క్రంబుల్ దొరికింది. మైదా, వెన్న, చక్కెర వేళ్ళతో నలిపి, ముక్కలు కోసిన ఆపిల్స్ మీద చల్లి కాల్చడమే. "ఇంతేనా!" అని ఆయన మీసం దువ్వుకుని, అల్లుడు బహుమతిగా ఇచ్చిన చిన్న ఓవెన్‌ను వెలిగించారు. కొత్తది కదా అని రమణమ్మ గారు దాన్ని అలమారాగా వాడుకుంటున్నారు. అయిదు నిమిషాలకు ప్లాస్టిక్ డబ్బా కరిగి, లోపలున్న గుమ్మడి వడియాలతో కలిసి ఒకే ముద్దయింది. గుమ్మం దగ్గర చింతపండు గింజలు తీసుకుంటున్న పిన్ని పొగ చూసి కూడా లేవలేదు. "నాను స్ట్రైకులో ఉన్నాను" అంది. సార్ అట్టముక్క తీశారు. 'కారణం: లోపల చూడకుండా కొలిమి వెలిగించుట. బాధ్యుడు: సన్యాసిరావు.' తప్పు తనదైనా కూడా అక్షరాలు అంతే గుండ్రంగా రాశారు.

రెండో ఆదివారం పైదంతా బొగ్గయింది. ఓవెన్ మీటలో ఏదో మోసముందని ఆయనకు అనుమానం. వేడి కొలిచే తీగను కార్ఖానానుంచి గేట్‌పాస్ రాయించుకుని మరీ తెచ్చారు. గేట్‌పాస్‌లో 'ప్రయోజనం' అన్నచోట 'ఏపిల్ కంబల్' అని రాస్తే, గార్డు అదేదో కొత్త మెషీన్ అనుకుని సెల్యూట్ కొట్టి పంపాడు. కొలిస్తే నిజంగానే మీట చెప్పేదాని కన్నా లోపల వేడి యాభై డిగ్రీలు ఎక్కువ. సార్ చిన్నపిల్లాడిలా చప్పట్లు కొట్టారు.

"సూసేవా! మెషీన్ అబద్ధమాడతంది!"

"కట్టెల పొయ్యి, కిరసనాయిలు పొయ్యి, గేసు పొయ్యి, అన్నీ సూసేను నాను" అంది గుమ్మం దగ్గరి గొంతు. "ఏ తీగెట్టి కొలిసేనో అడుగు."

సార్ తీగను మెల్లగా చుట్టి జేబులో పెట్టుకున్నారు. గెలుపు ఆయన అనుకున్నంత సులభం కాదని నాకు తెలిసిపోయింది.

మూడోసారి లోపం ఆపిల్స్‌లో ఉందని తేల్చారు. గోల్‌మురి బజార్లో బండి ముందు నిలబడి ఒక్కో పండునూ బొటనవేలితో నొక్కి, చెవి దగ్గర పెట్టి తట్టి, వెలుతురుకు ఎత్తి చూస్తుంటే పళ్ళవాడికి ఓపిక నశించింది. "చాచా, సేబ్ హై, లోహా నహీ!" అని అరిచాడు. ఆపిల్ అయ్యా, ఇనుము కాదు అని. సార్ నావైపు తిరిగి, "ఈడికి పనంటే ఏటో తెల్దు" అన్నారు.

ఆ రోజు నేను నవ్వలేకపోయాను. ఆ వారం కార్ఖానాలో ఒక పొరపాటు చేశాను. ప్రతి బుట్టలోంచీ అయిదు పిన్నులు తీసి గట్టిదనం చూడాలి, నాలుగు మూలలనుంచి నాలుగు, నడుమనుంచి ఒకటి. నడుమది తీయాలంటే పైవన్నీ దింపాలి. శుక్రవారం సాయంత్రం బస్సు వెళ్ళిపోతుందని పైనున్న రెండే చూసి, మిగతా మూడింటికి అంకెలు ఊహించి రాసేసి సంతకం పెట్టాను. ఆ లాటులోని అన్ని బుట్టలకీ అలాగే. శనివారం కొలిమి దగ్గరి మనిషి మాటల్లో, నిన్న నూనె చల్లబరిచే పంపు కాసేపు ఆగిందన్నాడు. నూనె వేడెక్కితే నడుమ పిన్నులు సరిగ్గా గట్టిపడవు. అయినా నోరు విప్పలేదు. ఉద్యోగంలో చేరి అయిదు నెలలు. మా ఇంట్లో ఆడపిల్ల కార్ఖానా పనికి వెళ్ళడం నాతోనే మొదలు. పోతే మళ్ళీ పంపరు.

ఆ ఆదివారం కంబళి మాత్రం బంగారంలా వచ్చింది. కంబళి మందంగా ఉండాలని సార్ లోతైన గిన్నె తీసుకున్నారు. పైన ఎర్రగా, అంచుల్లో పాకం బుడగలు. నాకు చెంచా ఇచ్చి నిటారుగా నిలబడ్డారు. అంచున కొంచెం తీసుకుని తిన్నాను. ఎంత బాగుందో! "పాస్ సార్" అన్నాను. ఆయన మొహం వెలిగిపోయింది. రమణమ్మ గారు చింతపండు చేట పక్కన పెట్టి, చేతులు కడుక్కుని, చెంచా తీసుకుని గిన్నె నట్టనడుమ దించారు. పైకొచ్చింది పచ్చిపిండి, దాని కింద పచ్చి ఆపిల్ ముక్క.

"నడిమి పచ్చిగానే ఉన్నాది" అంది. "ఈ పిల్ల అంచు తిని పాస్ సేసేసింది. ఇదేనా మీ ఇనస్పెక్సను?"

ఆవిడ నవ్వింది. సార్ కూడా ఓడిపోయి నవ్వారు. నేను భోరుమని ఏడ్చేశాను.

"ఓలమ్మ, ఉత్తినే అన్నానే! ఇది తినేదే గదా, ఏడుత్తావేటి?" అని పిన్ని గాభరాపడి నా వీపు నిమిరింది. ఆ ఏడుపులోనే అంతా చెప్పేశాను. బస్సు, రెండు పిన్నులు, ఊహించి రాసిన మూడు అంకెలు, పంపు ఆగడం, అన్నీ. చెప్పి, తిట్టు కోసం తల దించుకున్నాను. సార్ ఒకే ఒక్క మాట అడిగారు.

"లాటు ఎల్లిపోయిందా అమ్మా?"

"లేదు సార్. రేపు పొద్దున్న లారీ."

"అయితే లెగు."

చేతులకు పిండితోనే స్కూటర్ తీశారు. తిన్నగా గమ్హరియా వెళ్ళాం. పెట్టెలు విప్పి, బుట్టలన్నీ దింపించి, నాతోనే ఒక్కొక్కటీ కొలిపించారు. రెండు బుట్టల్లో నడుమ వరసలు మెత్తగా ఉన్నాయి. ఆ పిన్నులు ఏ బండిలోనో, ఏ ఘాట్‌రోడ్డు మీదో విరిగి ఉండేవి. అట్టముక్క మీద 'కారణం: పంపు ఆగుట' అని రాశాను. ఆయన చదివి తిరిగి నా చేతికే ఇచ్చారు.

"పంపు సంతకం పెట్టదు గదా తల్లీ."

ఇంకో ముక్క తీసుకుని, 'నడుమ చూడకుండానే చూసినట్టు రాసితిని' అని రాసి కింద నా పేరు పెట్టాను. అంతకన్నా కష్టమైన వాక్యం నేను ఇప్పటిదాకా రాయలేదు.

మర్నాడు యజమాని ముందు నన్నే చెప్పమన్నారు. తాను పక్కన నిలబడ్డారు. యజమాని హిందీలో మొదలుపెట్టి, బెంగాలీలోకి దిగి, ఇంగ్లీషులో ముగిస్తూ నన్ను ఉతికి ఆరేశాడు. తీసేస్తాడనే అనుకున్నాను. సార్ అప్పుడు నోరు విప్పి, విరిగాక చెప్పేవాళ్ళు మనకు చాలామంది ఉన్నారనీ, విరగకముందు చెప్పిన మనిషి ఈ పిల్ల ఒక్కతేననీ హిందీలో అన్నారు. యజమాని ఆయన వైపు తిరిగాడు. "రావుజీ, మీ చెవిలో ఆ పిండి ఏమిటి?" అని అడిగాడు. నిన్నటి కంబళి పిండి ఇంకా పోలేదు. నా ఉద్యోగం నిలిచింది.

ఆ ఆదివారం సాయంత్రం మేం గోల్‌మురి తిరిగొచ్చేసరికి జరిగింది చెప్పనేలేదు. రమణమ్మ గారు మేం లేనప్పుడు ఆ గిన్నె మీద పళ్ళెం మూతపెట్టి, సన్నని వేడి మీద మళ్ళీ ఓవెన్‌లో ఉంచారు. ముగ్గురం నేల మీద కూర్చుని నడుమనుంచే తిన్నాం. గెస్ట్‌హౌస్‌లో తిన్నదీ ఇదీ ఒకటేనా అని ఆవిడ అడిగింది. ఆయన నములుతూ ఆలోచించి, నిజాయితీగా, "అది ఇంకాస్త తీపుగా ఉండేది" అన్నారు. ఆవిడ ఆయన్ని తేరిపార చూసి, "రేపటేల నుంచీ ఒండతాను. ఉప్పు మాత్రం నువ్వే ఎయ్యి" అంది. ఆయన పోయేదాకా ఆ ఇంట్లో ఉప్పు ఆయనే వేశారు. ఎక్కువైన రోజున ఎవరూ ఏమీ అనేవారు కాదు.

ఆయన పోయి రెండేళ్ళయింది. నేనిప్పుడు వేరే కార్ఖానాలో ఆ పనికే పెద్దను. ఆఫీసులో హిందీ, కాగితాల మీద ఇంగ్లీషు, ఇంట్లో నా తెలుగు పుస్తకాల తెలుగుకే దగ్గర. పోయిన నెల ఒక సాయంత్రం కొత్తగా చేరిన ఛాప్రా ఊరి అమ్మాయి నా బల్ల ముందుకొచ్చి నిలబడింది. "మేడమ్, ఏక్ గల్తీ హో గయీ" అంది. తప్పు జరిగిందన్న ఆ మాట వినగానే కోపం గొంతుదాకా వచ్చింది. కానీ బయటికొచ్చింది వేరే మాట.

"లాటు ఎల్లిపోయిందా అమ్మా?"

తెలుగు రాని ఆ పిల్ల బిక్కమొహం వేసి, "జీ, మేడమ్?" అంది. హిందీలో మళ్ళీ అడిగాను. సరుకు ఇంకా ఊరవతలి గోదాములోనే ఉందంది. కుర్చీలోంచి లేచి, స్కూటర్ తాళాలు తీసుకున్నాను.