మూలకు రెండు కడీలు

మొన్న ఇబ్రహీంపట్నం బస్టాండులో కూర్చుంటే, పక్కన ఉద్యోగ పరీక్షకు చదువుకుంటున్న ఇద్దరు ఆడపిల్లలు నలుచదరపు పార్కు చుట్టూ నిలబెట్టిన దీపస్తంభాల లెక్క మీద వాదించుకుంటున్నారు. మూలలవి కలుపుకొని ఒక్కో వైపు ఆరు స్తంభాలుంటే మొత్తం ఎన్ని అని ప్రశ్న. ఒకమ్మాయి ఇరవై నాలుగంది. “మూలలకున్నయి రెండుసార్లు లెక్కవెట్టినవ్ గదనే” అని రెండో అమ్మాయి నవ్వింది. బస్సు రాగానే వాళ్లు ఎక్కిపోయారు, నేను మాత్రం ఆ లెక్క పట్టుకొని చిన్ననాటి మా ఊరి బడికి వెళ్లిపోయాను.

మన తరంలో చాలామంది ఈ లెక్కను పలక మీద చేసినవాళ్లే. మా బళ్లో స్తంభాలకు బదులు చేను చుట్టూ కంచె కోసం పాతే రాతి కడీలు ఉండేవి. జవాబు ఇరవై నాలుగని సారు బోర్డు మీద రాశాడు. ఏడో తరగతి చదువుతున్న మా అక్క లేచి ఇరవై అంది, కూర్చోమన్నా కూర్చోలేదు. ఎదురు మాట్లాడే పిల్లను బడిలో ఉంచుకోనని సారు ఇంటికి కబురు పంపాడు. నానమ్మకు అదే చాలింది. ఆడపిల్లకు ఈ చదువే ఎక్కువ, ఇక మాన్పించమని పొద్దంతా పోరింది. బాపు కూడా సారు లెక్కే నిజమనుకున్నాడు.

దాన్ని అజ్ఞానమని కొట్టిపారేయలేను. మా వైపు అప్పట్లో చేను చుట్టూ కంచె ఒక్కడే వేసుకునేవాడు కాదు. ఏ వైపు ఎవరి చేనుంటే ఆ వైపు కంచె వాళ్లది, ఈ చివర నుంచి ఆ చివర దాకా కడీలు వాళ్లే పాతాలి. అందుకని ప్రతి మూలకూ రెండు కడీలు ఆనుకొని నిలబడేవి. బాపు వాటిని స్వయంగా పాతినవాడు, సారూ రైతు బిడ్డే. ఆచారం అలవాటై, అలవాటు లెక్కై కూర్చుంది; మన సిద్ధాంతాల్లో ఎన్ని ఇట్లా పుట్టాయో మరోచోట మాట్లాడుకోవచ్చు.

అక్క ఏడవలేదు. చింతగింజలు తెచ్చి వాకిట్లో ఒక్కో వైపు ఆరు వచ్చేట్టు చదరంగా పేర్చి బాపును పిలిచింది.

“పుస్తకంల చేను ఒక్కనిదే బాపు, కంచె గూడ ఆయనదే. గింజలు ఏరుకుంట లెక్కవెట్టు.”

బాపు మొదటి వైపు ఆరు ఏరాడు. రెండో వైపుకు వచ్చేసరికి మూలది అప్పటికే పిడికిట్లో ఉంది, ఐదే మిగిలాయి. మూడో వైపూ ఐదే. చివరి వైపు నాలుగే. గింజలకేం ఎరుక, సారుకు తెల్వదా అని నానమ్మ గొణిగింది.

తెల్లవారి బాపు అక్కను వెంటబెట్టుకొని బడికి నడిచాడు. పిల్లలందరి ముందూ నిలబడి, సారు తప్పు సంగతి ఎత్తకుండా తన సంగతే చెప్పుకున్నాడు.

“నేను గూడ ఇర్వై నాలుగే అనుకున్న సార్. ఏరి చూస్తె ఇర్వయ్యే ఉన్నయి. నాది తప్పయింది.”

సారు బోర్డు మీది అంకె తుడిచేసి, అక్కను పోయి కూర్చోమన్నాడు.

అట్లా అక్క ఇబ్రహీంపట్నం హైస్కూలు దాకా చదవగలిగింది. ఇవాళ మా వైపు ఊళ్ల నుంచి ఆడపిల్లలు బస్సుల నిండా కాలేజీలకు వస్తున్నారు. ఇది గెలుపే, కాదనను. అయితే బతుకంతా సభల్లో వాదించిన నేను ఓడి మొహం చాటేసినవాళ్లను, గెలిచి చప్పట్లు కొట్టించుకున్నవాళ్లను చాలామందిని చూశాను. రుజువు కళ్లబడగానే తన తప్పు తానే మోసుకుంటూ నడిచివెళ్లి, పదిమంది ముందు దించిపెట్టిన మనిషి మాత్రం నాకు మళ్లీ ఎదురుపడలేదు.