ఓరిన్ పెంచిన జుట్టు

పద్దెనిమిది వందల తొంభైల్లో, ఒహాయోలోని ఆ చిన్న కాలేజీలో ఫుట్‌బాల్ అంటే జట్టుకి పదకొండుమంది తలలు ఢీకొట్టుకునే ఆట. తలకి కాపు టోపీల్లేవు. దెబ్బలు కాసుకోవడానికి ఆటగాళ్లు జుట్టే పెంచేవారు. ఓరిన్ టబ్స్ జూన్ నుంచీ కత్తెర ముట్టలేదు. సెప్టెంబరుకల్లా ఆ జుట్టులో పిచ్చుక గుడ్లు పెట్టి పొదిగిందని ఊరంతా ఒట్టేసి చెబుతుంది. ప్రతి ఆటకీ ముందుగా వచ్చి, మెడ విరుచుకుని, జుట్టును రెండు చేతులా వెనక్కి తోసుకుని, అదనపు ఆటగాళ్ల బల్ల చివర దుప్పటి కప్పుకుని కూర్చునేవాడు. అయిదు ఆటలూ అలాగే కూర్చున్నాడు. జట్టు అయిదూ ఓడింది.

నవంబరు ఆఖరున థాంక్స్‌గివింగ్ పండగ నాటి ఆఖరి ఆటలో జట్టులో ఒకడి భుజం విరిగింది. బల్ల మీద మిగిలింది ఓరిన్ ఒక్కడే. దుప్పటి విసిరేసి పరుగెత్తాడు. కెప్టెన్ హాస్కెల్ నోట్లోని రక్తం ఉమ్మేసి, "వెళ్లి కూర్చోరా నాయనా! పదిమందిమే ఆడతాం. నువ్వొస్తే వాళ్లకి పన్నెండోవాడివవుతావు" అన్నాడు. మర్నాడు మంగలి క్లింట్ ఓరిన్ జుట్టు పాయలు విడదీసి తలంతా తడిమి చూశాడు.

"ఆటగాడి తలంటే దున్నిన చేనులా ఉంటుంది. నీకు ఒక్క గాటూ లేదే! అదృష్టవంతుడివి బాబూ. చెవుల దాకా కత్తిరించనా?"

"గుండు గీసెయ్," అన్నాడు ఓరిన్.