చూపుతో కరెంటు తెప్పించిన మా సైన్యం

నిన్న సౌదీలోని హుఫూఫ్‌లో మా ఇంటి టీవీలో, ఏదో సినిమాలో సైనికులు వరసగా కూర్చుని మనోశక్తితో చెంచా వంచుతున్నారు. మా ఆయన పనిచేసే కంపెనీ నితాఖత్‌లో, అదే సౌదీవాళ్లకు ఇన్ని ఉద్యోగాలివ్వాలనే సర్కారు లెక్కలో, ఎర్రరంగులో పడింది. పచ్చలోకి రాకపోతే ఇక్కడ ఉండనిచ్చే ఇకామా రెన్యూ కాదు, మా అమ్మాయి చదువు మధ్యలోనే దేశం నుంచి ఎగ్జిట్. ఆ దిగులులోనూ ఆ సైనికుల్ని చూసి నాకు నవ్వొచ్చింది.

మీకు గుర్తుందా, విదేశీ సైన్యాలు మనసుతో వస్తువులు కదిలిస్తున్నాయని వారపత్రికలు రాసేవి? కరీంనగర్‌లో ఆదివారం సినిమా మధ్యలో కరెంటు పోతే, అన్నయ్య మా పిల్లలందరినీ నల్లబడ్డ టీవీ ముందు కూర్చోబెట్టేవాడు.

"రెప్ప కొట్టకుర్రి! మనసుల కరెంటును పిలువుర్రి!"

"గుడ్లు ఎండిపోతయ్ రా!" అనేది నానమ్మ.

కరెంటు రాగానే వాడకట్టంతా ఒక్కసారిగా అరిచేది. "చూసిన్రా? నేనే తెప్పించిన!" అని అన్నయ్య కాలరెగరేసేవాడు. నాకు అప్పుడూ అనుమానమే. అయినా మరుసటి వారం అందరికంటే ముందు కూర్చునేది నేనే.

నిన్న కూడా అనుమానంతోనే, మా ఆయన కబురు కోసం రెప్ప కొట్టకుండా ఫోన్ వైపు చూస్తూ కూర్చున్నాను. మోగింది.

"పచ్చలకొచ్చినమే! ఇకామా అయింది!" అన్నాడు మా ఆయన.

"కరెంటొచ్చిందోచ్!" అని అరిచాను.

"అసలు పోనేలేదు కదమ్మా!" అంది అమ్మాయి, బిత్తరపోయి.

లేని కాలరెగరేసి చెప్పాను: "నేనే తెప్పించిన!"