మినుముల గోదాములో బావ

మా బావ పికప్ బండి నడిపేవాడు. తెల్లవారకముందే తామ్వే పేటలో బయల్దేరి, ఊరి చివర లైంగ్‌థార్యార్ బట్టల ఫ్యాక్టరీలకు ఆడపిల్లల్ని చేర్చడం అతని పని. ఇంజను పాడైనప్పుడు రేవు దగ్గర బోటాటౌంగ్‌లో మినుముల వ్యాపారం చేసే షావుకారు దగ్గర అప్పు చేశాడు. ఆయనా మాలాగే ఈ దేశంలో తరాలుగా ఉంటున్న తెలుగువాడే, గుడి కమిటీలో పెద్ద. ఆ తర్వాత ఫ్యాక్టరీ ఒకటి మూతపడింది. బండి సగం ఖాళీగా తిరిగింది. వాయిదాలు తప్పాయి.

ఒక మధ్యాహ్నం అక్క ఏడుస్తూ ఫోన్ చేసింది.

"మాటాడాలని మీ బావని షావుకారు పొద్దున్నే పిలిసేరే. ఇంకా ఒగ్గలేదు. ఫోనూ, బండి తాళాలూ లాగేసుకున్నారట. పక్క బండాయన సూసొచ్చి సెప్పాడు."

నేను పనిచేసే సెల్‌ఫోన్ దుకాణంలో చెప్పి, అమ్మను తీసుకుని బస్సెక్కాను. బతిమాలదాం, కావలిస్తే నా గొలుసు ఇచ్చేద్దాం అని దారంతా చెబుతూనే ఉన్నాను.

గోదాములో బస్తాల మధ్య ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని ఉన్నాడు బావ. ఎవరూ కొట్టలేదు, కట్టేయలేదు. టీ కూడా ఇచ్చారు. కానీ గుమ్మానికి అడ్డంగా ఇద్దరు మనుషులున్నారు. మమ్మల్ని చూడగానే బావ తల దించుకున్నాడు. ఎప్పుడూ గట్టిగా నవ్వే మనిషి అలా ఒదిగి కూర్చోవడం నేనెప్పుడూ చూడలేదు.

"నా డబ్బు నానడిగితే తప్పేటమ్మా? కట్టీసి తీసుకుపోండి," అన్నాడు షావుకారు, మర్యాదగానే.

"అప్పు నిజమే బాబూ, కాదన్ను," అంది అమ్మ. "కోర్టుకెళ్ళండి. జడ్జీగారు రెండు పక్కలా అడిగి, జైల్లో ఎట్టమంటే ఎడతారు. మీరెవులు ఎట్టడానికి?"

"కోర్టా? ఈ రోజుల్లోనా?"

ఆయన నవ్వాడు. ఆ నవ్వులో నిజం లేకపోలేదు. సైన్యం పాలన వచ్చాక ఫిర్యాదు ఇవ్వడానికి మా పేటలో ఎవరూ ఠాణా మెట్లెక్కరు.

"పోనీ, కోర్టొద్దు. మీరేనా అడిగేరా? ఎందుకు కట్టలేదో, ఏపాటి కట్టేడో ఒక్క మాటైనా అడిగేరా?"

షావుకారు మొదటిసారి బావ వైపు తిరిగాడు. బావ గొంతు సవరించుకున్నాడు.

"పోయిన నెల వాయిదా మీ మేనల్లుడి సేతికిచ్చాను. పొద్దుట్నుంచీ సెప్పబోతుంటే ఎవులూ ఇనలేదు."

మేనల్లుణ్ణి పిలిపించారు. గుర్తులేదన్నాడు మొదట. అమ్మ అతని మొహంలోకే చూస్తూ నిలబడింది. కాసేపటికి, "మీకు సెప్పడం మర్సిపోయాను మావయ్యా. సేతిలో కరుసైపోయింది," అన్నాడు నేలచూపులు చూస్తూ.

షావుకారు తాళాలూ ఫోనూ తెచ్చి బావ ఒళ్ళో పెట్టాడు. క్షమించమనలేదు. మిగిలినది చిన్న వాయిదాల్లో కట్టమన్నాడంతే. బావ తర్వాత మొత్తం తీర్చేశాడు కూడా.

కానీ చాన్నాళ్ళు అమ్మతో సరిగా మాట్లాడలేదు. అక్క బలవంతం మీద భోజనానికి వచ్చిన రోజున మనసులో మాట బయటపెట్టాడు.

"అందరి ముందూ అప్పు నిజమేననీసేవు అత్తా."

"అది కాదంటే నా రెండో మాట ఎవులింటారు బాబూ?" అంది అమ్మ, అతని పళ్ళెంలో ఇంకాస్త పులుసు పోస్తూ.

నన్ను వేరే సంగతి తొలిచేది. మేనల్లుడి తప్పు బయటపడింది కాబట్టి మేం గెలిచాం. బావ నిజంగానే ఏమీ కట్టకుండా ఉంటే? అప్పుడు ఆ కుర్చీలో కూర్చోబెట్టడం న్యాయమైపోయేదా? ఒకరోజు అమ్మనే అడిగాను.

"కట్టనోడికి నోరుండదేటే?" అంది. "వాణ్ణీ అడగాల. అడిగేక ఏటి సెయ్యాలో అది తరవాత మాట."

ఆ తర్వాత షావుకారు బాకీదార్లను పిలిచేటప్పుడు ఇద్దరు పెద్దల్ని ఎదురుగా కూర్చోబెడుతున్నాడని విన్నాం. ఆ ఇద్దరూ ఆయన స్నేహితులేనని బావ ఎగతాళి చేస్తాడు. అమ్మ మాత్రం, ఎవరో ఒకరు వింటున్నారు కదా అంటుంది. ఈ విషయంలో ఇద్దరికీ ఇంకా రాజీ కుదరలేదు.